సెన్సారుకు పట్టిన ఉప్పు

పలాస, 12-3-2003

నాన్నగారికి, నేనూ తమ్ముడూ దేవుని దయవల్ల బాగున్నాం.

కారు అమ్మే మాట మానుకోండి, ఇంజను బాగానే ఉంది. పొద్దున్న తాళం తిప్పగానే వేడి చూపే ముల్లు ఎర్రగీత దాటింది. “సల్లారిన ఇంజినికి జొరమేటమ్మా?” అని మెకానిక్ ఢిల్లీరావు నవ్వాడు. వేడి కొలిచే సెన్సారు వైరు ఊడదీస్తే ముల్లు కిందికి పడిపోయింది. సెన్సారు విప్పి చూపించాడు, దాని నిండా తెల్లటి ఉప్పు. కొత్తది బిగించాక కాశీబుగ్గ దాకా వెళ్ళొచ్చాం, ముల్లు మధ్యలోనే ఉంది.

“మీ ఊరి నూతినీరు ఇంక రేడియేటర్లో పొయ్యకండమ్మా, బండి తట్టుకోదు” అన్నాడు. అమ్మ ఇన్నేళ్ళుగా తాగుతున్నవి ఆ నీళ్ళే కదా.

అమ్మ కాళ్ళ వాపు తగ్గిందా? వచ్చే వారం గురువారం కారు తెస్తాం. ఈసారి అమ్మకు కిడ్నీల రక్తపరీక్ష వద్దనకండి.

మీ ఇద్దరి కోసం రోజూ ప్రార్థిస్తూ,
హెలెన్