కత్తెరకు పోయిన నాలుగు నిమిషాలు

మక్కుమ్, మార్చి 9

నా బంగారుతల్లి వీట్స్కేకి,

ఈ ఏడు ఎడిటింగు బహుమానం నీకే! నిన్న నా ఎనభై ఒకటో పుట్టినరోజున, కుర్చీలు గుండ్రంగా వేసుకుని మన ఊరి జాలర్ల మీద తీసిన, నువ్వు ఎడిట్ చేసిన ఆ సినిమా అందరం చూశాం. వచ్చినవాళ్లంతా నా చెయ్యి పట్టుకుని, "మీ అమ్మాయికి అభినందనలు, డౌవే!" అంటుంటే ఉప్పొంగిపోయాను. కేకు రెండో ముక్క తీసుకున్నా ఎవరూ ఏమీ అనలేదు!

పక్కింటి హిల్టియే మాత్రం, "జాలర్లందరూ గలగలా మాట్లాడారు. నువ్వేంటయ్యా, ఐసులో పెట్టిన చేపలా ఊరికే నోరు మూసుకు కూర్చున్నావు?" అంది. అందరూ నవ్వారు. నేనూ నవ్వాను.

మాట్లాడాను తల్లీ. నాలుగు నిమిషాలు మాట్లాడాను. తీసినదంతా ఎడిటరు మొదటినుంచి చివరిదాకా చూడాల్సిందేనని డైరెక్టరు చెప్పాడు. నీ ముఖం చూసి చెప్పలేనిది అందుకే కెమెరాకు చెప్పాను, నువ్వు వినక తప్పదని. నీ పంతొమ్మిదో ఏట ఆమ్‌స్టర్‌డామ్ సినిమా బడిలో సీటిచ్చామని వచ్చిన ఉత్తరాన్ని, మలుగు చేపలకు పొగబెట్టే పొయ్యిలో వేసింది నేనే. సీటు రాలేదనుకుని నువ్వు ఆరేళ్లు మన చేపల షెడ్డులో చేపలు కోశావు. తర్వాత టీవీ వార్తల్లో ఫిల్ము కోసి ముక్కలు అతికించే పనిలో చేరితే, "ఇక్కడా కోతే, అక్కడా కోతే" అని వెక్కిరించిందీ నేనే.

సినిమాలో అదేదీ లేదు. విన్నావా? వినకుండానే పారేశావా? ఒక్క ముక్క రాయి.

సంతోషంతో తబ్బిబ్బవుతున్న నాన్న,
డౌవే

మార్చి 23

నా తల్లి వీట్స్కేకి,

నీ ఉత్తరం అందింది! ఇన్నేళ్లూ పుట్టినరోజు కార్డు మీద నీ పేరొక్కటే రాసేదానివి. ఈసారి "నాన్నా" అని మొదలుపెట్టావు! ఆ మాట హిల్టియేకి చూపించాను, కింది వాక్యాలకు వేళ్లు అడ్డం పెట్టి.

"నాన్నా, పదిసార్లు విన్నాను. ఉంచితే, ముసలాయనది ఎంత నిజాయితీ అని దేశమంతా నిన్ను మెచ్చుకునేది. ఆ మెప్పు నీకు దక్కనివ్వను. అందుకే కోసేశాను. చెప్పడం అయ్యాక నువ్వు నోరు మూసుకున్న చోటు మాత్రం ఉంచాను."

మంచి కోత తల్లీ. ఎముక దాకా దిగింది.

నిన్న వాళ్లందర్నీ పిలిచి మళ్లీ కుర్చీలు గుండ్రంగా వేయించాను. కెమెరా లేకుండా, నిలబడి అంతా చెప్పాను. ఎవరూ మెచ్చుకోలేదు. హిల్టియే కాఫీ ముట్టకుండా లేచింది. గుమ్మం దగ్గర నేను చాపిన చెయ్యి పట్టుకోలేదు.

"మీ అమ్మాయికి అభినందనలు" అని వెళ్లిపోయింది.

నీ నాన్న,
డౌవే