అన్న స్విచ్ వేశాడు

మంగళవారం రాత్రి, దిల్‌సుఖ్‌నగర్ హాస్టల్

కోచింగ్ కోసం ఇల్లు వదిలిన రోజే గేమ్ కన్సోల్ గురించి అన్నతో గొడవైంది. నేను లేకపోయినా దాని సాఫ్ట్‌వేర్ అప్‌డేట్ అవుతుండాలి, స్విచ్ ఆపొద్దన్నాను. "నువ్వే పోతున్నవ్, ఇంకా అదెవరికి?" అంటూ అప్పుడే ఆపేశాడు. నెల రోజులుగా మాకు మాటల్లేవు.

ఈ సాయంత్రం అప్‌డేట్ పూర్తయిందని నా ఫోన్‌కు మెసేజ్ వచ్చింది. ఎల్‌బీ నగర్‌లో ఇంట్లో ఉన్న అన్నకే ఫోన్ చేశాను.

"స్విచ్ నువ్వేసినవా?"

"ఏసిన. ఆదివారం ఒస్తవా?"

"ఆడనీకా?"

"గదంత నాకు దెల్వదు. ఒస్తవా రావా, జర చెప్పు."

కోపమో, బతిమాలడమో అర్థం కాలేదు. వస్తానన్నాను. ఆదివారం టెస్టు ఉందని తెలిసీ ఎందుకన్నానో...