తాగకూడని కాఫీ

నవంబర్ 3
అమ్మాన్ నగరం డాక్టర్ నా తీరుకి చివరికి పేరు పెట్టాడు. ఆటిజం. పుట్టుకతో వచ్చిందేనట. మనుషులు నోటితో చెప్పకుండా వదిలేసేవి నాకు అందవు, అంతే. ఇన్నేళ్లూ నన్ను పొగరుబోతు అన్నవాళ్లంతా గుర్తొచ్చారు. ఈ మాట గుమ్మం దాటితే నీ చెల్లెల్ని ఎవడు చేసుకుంటాడురా, నోరు మూసుకో అంది అమ్మ. మూసుకున్నాను.

నవంబర్ 9
తమ్ముడు సుఫ్యాన్ నడిపే లారీ అబూ లయిస్ అనే ఆయన కొడుకుని గుద్దింది. ప్రాణం దక్కింది, కాలు నుజ్జయింది. తమ్ముడిని లోపల వేశారు. ఆ ఇంటివాళ్లు క్షమించామంటే తప్ప బయటికి రాడట. వాడు లేని ఇల్లు భయంగా ఉంది.

నవంబర్ 14, సాయంత్రం
మావాళ్లమంతా క్షమాపణ అడగడానికి వాళ్లింటికి వెళ్లాం. కాఫీ పోశారు. పెదనాన్న జద్వాన్ తన కప్పు ముట్టకుండా కింద పెట్టాడు. అడిగింది ఇచ్చేదాకా తాగబోమని అర్థం. అది నాకూ తెలుసు. కానీ పెద్దవాడొక్కడు ఆగితే చాలనుకున్నాను. గొంతెండిపోయి తాగేశాను. చాలంటే కప్పు ఊపాలి. కంగారులో ఊపడం మరిచాను. మళ్లీ పోశారు. అదీ తాగాను.

తల ఎత్తితే అందరూ నన్నే చూస్తున్నారు. మీవాడి దాహం తీరిందిగా, ఇంకా మాతో ఏం పని, వెళ్లిరండి అన్నాడు అబూ లయిస్.

కారులో పెదనాన్న, తమ్ముడు జైల్లో కుళ్లుతుంటే నీకు కాఫీ రుచించిందట్రా అన్నాడు. రుచిగానే ఉంది, ఏలకులే కాస్త ఎక్కువయ్యాయి అన్నాను. చెంప పగిలింది.

నవంబర్ 15
అడిగాడు, చెప్పాను. తప్పెక్కడ?

నవంబర్ 22
తప్పు తెలిసింది. చెల్లెలు రీమా విడమర్చి చెప్పింది. పెదనాన్నది ప్రశ్న కాదట, తిట్టట; మాలో ఒక్కరు తాగినా అడిగింది వదులుకున్నట్టేనట. సిగ్గేసింది. ఉన్నదున్నట్టు వాళ్లకి చెప్పెయ్ అన్నయ్యా, నా పెళ్లి సంగతి తర్వాత చూద్దాం, ముందు సుఫ్యాన్‌ని రానీ అంది. అమ్మ వంటింట్లో ఏడ్చింది.

నవంబర్ 25
ఒక్కడినే వెళ్లాను. డాక్టర్ చెప్పిన పేరు చెప్పాను. అబూ లయిస్ నన్ను ఎగాదిగా చూసి, నిక్షేపంలా ఉన్నావు కదరా, ఎక్కడుంది ఆ జబ్బు అన్నాడు. కనపడదు అన్నాను. పక్కన కూర్చోబెట్టుకుని కాఫీ పోయించాడు. నీ మీద కోపం పోయింది, తాగు నాయనా అన్నాడు.

మరి మా తమ్ముడి మీద? అని అడిగాను.

పక్కగదిలో కొడుకు మూలిగాడు. ఆయన అటు చూశాడు.

నవంబర్ 26
నిన్న ఆ కప్పు ముట్టకుండా కింద పెట్టి వచ్చేశాను. తాగొద్దని ఈసారి ఎవరూ చెప్పనక్కర్లేకపోయింది.