కోసంపారలో నేను ఖాళీ అని రాసిన చోటు

శ్రీయుత జిల్లా కలెక్టరు గారి సముఖమునకు,
భిలాయి, రుఆబాంధా నివాసి, రిటైర్డు సర్వేయరు సింహాద్రి సమర్పించుకొను మనవి.

అయ్యా,

విషయం: కోసంపార అడవిలోని దేవుడి వనమును గని కొరకు సోమవారం నరకకుండా ఆపుట గురించి, నా తప్పు ఒప్పుకొనుట గురించి.

తమరు మన విజయనగరం వైపు వారని విని తెలుగులో రాసుకుంటున్నాను. హిందీలో అయితే ఇంకొకడి చేత రాయించాలి. వాడు ఎవరి చెవిన వేస్తాడోనని భయం.

1. ఇరవై రెండేళ్ళ క్రితం ఒక ప్రైవేటు కాంట్రాక్టరు కింద నేను సదరు అడవిని కొలిచితిని. వనం అంచున గోండుల ముసలి పూజారిని "ఇక్కడ ఏముంది?" అని అడిగితిని. ఆయన చెప్పులు విడిచి, తల వంచుకుని ఊరుకున్నాడు. బయటివాళ్ళ ముందు ఆ దేవుడి పేరు పలకరాదు, ఆ వైపు వేలు చూపరాదు అన్నది ఆ ఊరి కట్టుబాటు. అది నాకు అప్పట్లో తెలియదు. చెప్పేందుకు ఏమీ లేదు కాబోలనుకుని నక్షాలో "ఖాళీ, తుప్పలు" అని రాసి సంతకం పెట్టితిని. జీపు వాడు హారను కొడుతున్నాడు, మాకు తొందర.

2. సదరు నక్షా చూపించి, అక్కడ దేవుడే లేడని గని కంపెనీ వారు వాదించుచున్నారు. పదకొండు రోజులుగా ఊరి ఆడవాళ్ళు ఆ చెట్ల కింద కూర్చున్నారు. వారిలో మా అమ్మాయి హేమమాలిని కూడా ఉన్నది. అక్కడి బడిలో పంతులమ్మ.

3. మొన్న ఆమె ఆ నక్షా ఫోటో పంపి, "నాన్నా, కింద సైన్ మీదే కదా? సచ్ బోలో" అన్నది. నాదేనన్నాను. మా ఇంటావిడ జోగమ్మ విని, "ఏటి సేసినావయ్యా! దేముడి సోటు ఖాళీ అని రాసెత్తావా? మన పైడితల్లమ్మ గుడిని ఎవుడైనా అలగ రాత్తే ఊరుకుంతావేటి?" అని నెత్తి కొట్టుకున్నది.

4. నిన్న ఎవరో ఇద్దరు మోటారు సైకిలు మీద వచ్చి, "అంకుల్, బేటీని ఇంటికి పిలిపించుకోండి, మంచిది" అని నవ్వుతూ చెప్పి, మంచినీళ్ళు తాగి వెళ్ళారు. మా ఇల్లు వాళ్ళకెలా తెలిసింది బాబూ? అప్పటి నుంచి తలుపు గొళ్ళెం తీయడం లేదు. వచ్చెయ్యమ్మా అని ఫోనులో ఏడ్చాను. రానంటే రానన్నది.

కావున నా కొలత తప్పని నమోదు చేయించి, నరుకుడు ఆపించ ప్రార్థన. నా మీద ఏ కేసు పెట్టినా సరే. ఆ ఆడకూతుళ్ళ మీద మాత్రం చెయ్యి పడకూడదు.

చిత్తగించి, ఆలస్యము లేక ఆదుకొనవలెను.

తమ విధేయుడు,
సింహాద్రి

తా.క.: కవరు అంటిస్తుండగా అమ్మాయి ఫోను చేసింది. కంపెనీ వాళ్ళు సోమవారం దాకా ఆగలేదట, చెట్లు నరికే మిషన్లు వనం ముందున్న వాగు దాటాయట. జోగమ్మ వనానికి పోతానని అప్పుడే గుమ్మం దిగింది. దారిలో ఈ కాగితం తమ ఆఫీసులో ఇచ్చి నేనూ అటే పోతున్నాను. మిషన్ల ముందు నిలబడి, రాసినవాణ్ణి నేనేనని, ఆ రాత అబద్ధమని చెబుతాను. ఆ తర్వాత ఏమవుతుందో తెలియదు. తొందరగా రండి బాబూ.