కుడి చెవికి చెప్పని మాట

విజయవాడ,
ఆసుపత్రి రెండో అంతస్తు, మగవాళ్ళ వార్డు,
ఇరవై మూడో రోజు, మధ్యాహ్నం

ఏమండీ,

మంచం మీద ఉన్న మీకు, ఆ మంచం పక్కనే చాప మీద కూర్చున్న మెహబూబ్ బీ సలాములు. చెయ్యి చాపితే అందే మొగుడికి ఉత్తరం రాసే ఆడది ఈ ఊరు మొత్తం మీద నేనొక్కదాన్నే అయ్యుంటాను. ఏం చెయ్యను మరి? మీ ఎడమ చెవిని ముప్పై ఏళ్ళ ఇంజన్ల మోత ఎప్పుడో తినేసింది. మిగిలిన కుడి చెవేమో ఈ జబ్బుతో మూసుకుపోయింది. "మజ్జిగ తాగుతారా" అని అడగాలన్నా అరవాలి. నేను అరిస్తే ఆ చివరి మంచం వెంకటప్పయ్యగారు "తాగుతానమ్మా, ఇలా పొయ్యి" అంటున్నారు. ఇలాంటి చోట ఇప్పుడు చెప్పబోయే మాట ఎలా అరవను? మీ షుగరు ఏ పూట ఎంతుందో రాసుకోమని అమ్మాయి ఫౌజియా ఇచ్చిన నోటుబుక్కులోంచి కాగితాలు చింపి రాస్తున్నాను. కోపం వస్తే రానివ్వండి గానీ మధ్యలో ఆపకండి.

పొద్దున డాక్టరు పద్మశ్రీగారు వచ్చినప్పుడు మీరు "నొప్పి పోయిందండీ, బిళ్ళలు రాసిస్తే ఇంటికెళ్ళిపోతాను" అన్నారు. ఆవిడ చెప్పింది మీకు వినపడలేదు కదా, అందుకని రాస్తున్నాను. "నొప్పి పోవడం వేరు, జబ్బు పోవడం వేరు నాగుల్ మీరా గారూ. ఇది చెవి కాలువలో మొదలై ఎముకలోకి దిగింది. ఆరు వారాల ఇంజెక్షన్లూ పూర్తవ్వాలి. మధ్యలో ఆపితే మళ్ళీ లేస్తుంది. ఈసారి మూతి వంకరతో పోదు" అన్నారు. మీరేమో గోడ మీద బల్లిని చూస్తూ కూర్చున్నారు. ఆవిడ అటు వెళ్ళగానే రేపు సంతకం పెట్టి వెళ్ళిపోతానని బట్టలు సంచిలో సర్దేశారు. పామర్రులో కోతలు మొదలయ్యాయి, మన రిపేరు షెడ్డు ముందు ట్రాక్టర్లు వరసగా ఆగి ఉంటాయి, నాకు తెలియదా? మీ ప్రాణమంతా అక్కడే ఉంది. మొన్న ఇంత జబ్బులోనూ నర్సు తెరేసమ్మగారికి ఫ్యాను చూపించి నూనె వేయించమని చెప్పారు. చెవి పోయినా మెకానిక్ బుద్ధి పోలేదురా దేవుడా అని నవ్వుకున్నాను. ఇక్కడికొచ్చాక నేను నవ్వింది అదొక్కసారే.

ఇప్పుడు నా సంగతి. వానాకాలంలో మీకు చెవి దురద మొదలైంది. ఇంజను మీద పెద్ద స్క్రూడ్రైవరు మొన ఆనించి, పిడి చెవికి పెట్టుకుని లోపల ఏ బేరింగు ఏడుస్తోందో వింటారు కదా మీరు, ఆ చెవే. అలా వినడం, వెంటనే స్కూటరు తాళంతో అదే చెవి గోక్కోవడం. నేను వెల్లుల్లి వేసి కాచిన నూనె పోశాను. తగ్గలేదు. చీము వాసన రావడం మొదలైంది. తలగడ మీద ఆ పక్కకి ఒరగలేకపోయేవారు. అప్పుడు పామర్రులో డాక్టరుగారి దగ్గరికి వెళ్ళాం, గుర్తుందా? ఆయన మాట్లాడుతుంటే మీరు నా మొహం చూస్తూ కూర్చున్నారు. ఎవరేం చెప్పినా మళ్ళీ మీకు గట్టిగా చెప్పేది నేనే కదా. బయటికొచ్చి మీకేం చెప్పాను? "చుక్కలు రాశారు, పది రోజులు వేసుకుంటే పోతుందట" అన్నాను.

అది సగమే. ఆయన ఇంకో మాట అన్నారు. "ఈయనకి షుగరు ఉందేమోనని నా అనుమానం. రేపే రక్తం పరీక్ష చేయించి, విజయవాడలో చెవి డాక్టరుకి చూపించండి, ఆలస్యం చెయ్యకండి" అన్నారు. చీటీ కూడా రాసిచ్చారు. ఆ చీటీ ఇప్పటికీ మన బీరువాలో నా పెళ్ళి చీర మడతలో ఉంది. ఎందుకు చెప్పలేదంటే, షుగరు అనే మాట మీ పేరు పక్కన నా నోటితో అనలేకపోయాను. మా నాన్నకి మొదట వేలు తీశారు, తర్వాత పాదం, తర్వాత మోకాలి దాకా. ఆ కట్లు మార్చింది నేను. ఆ మాట అనకపోతే ఆ జబ్బు రాదేమోనన్నట్టు మింగేశాను. చుక్కలతోనే పోతుందిలే అనుకున్నాను. ఎంత మొండి బుద్ధి నాది!

అయిదు వారాలండీ. ఆ అయిదు వారాలూ మీరు అన్నం నమల్లేక జావ తాగారు. ఒకరోజు టీ తాగుతుంటే మూతి పక్కనుంచి కారిపోయింది, కుడి కన్ను మూతపడలేదు. అప్పుడు గానీ నాకు బుద్ధి రాలేదు. పద్మశ్రీగారు మైక్రోస్కోపుతో చెవిలోకి చూసి, కాలువ అడుగున పచ్చి కండ పెరిగిందని చెప్పి చిన్న ముక్క తీసి పరీక్షకి పంపారు. చీము వేరే పంపారు. తలకి స్కాను తీయించారు. కేన్సరు కాదని తేలేదాకా నాకు మంచినీళ్ళు దిగలేదు. షుగరు మూడు వందల ఎనభై ఆరు. "మామూలు మనిషికైతే చుక్కలతో పోయేదమ్మా. షుగరు కట్టు తప్పినవాళ్ళకి ఇది ఎముకలోకి పాకుతుంది. ముందే వచ్చుంటే మూతి దాకా వచ్చేది కాదు" అన్నారు.

మీ మూతి వంకర చేసింది నేనే. తిట్టండి, ఇంటికెళ్ళాక మాట్లాడటం మానెయ్యండి, పడతాను. కానీ ఈ పంతొమ్మిది రోజులూ ఉండండి. ఒకసారి ఆలస్యం చేసింది నేను. ఇప్పుడు తొందరపడి మీరు పాడు చేసుకోకండి. మీ కాళ్ళు పట్టుకుంటాను.

అలిసిపోయిన
మీ మెహబూబ్ బీ


అదే వార్డు,
అదే రోజు, సాయంత్రం

మెహబూబీ,

నీ మొగుడు నాగుల్ మీరా దీవెనలతో రాసేది. చేతికి సూది ఉంది, అక్షరాలు వంకర పోతే నా మూతిని చూసి సర్దుకో. నువ్వు కాగితం తలగడ కింద పెట్టి కింద కొట్టుకి వెళ్ళినప్పుడు చదివాను. నీకంటే పెద్ద దొంగని నేను. అది విన్నాక ఎవరు ఎవర్ని తిట్టాలో నువ్వే చెప్పు.

రెండేళ్ళ కిందట మన మార్కెట్ యార్డులో ఉచిత వైద్య శిబిరం పెట్టారు. మన షెడ్డులో పనిచేసే బాలశౌరి బలవంతం చేస్తే వెళ్ళి రక్తం ఇచ్చాను. షుగరు రెండు వందల అరవై అని రాసిచ్చారు. ఆ కాగితం షెడ్డులో పానాల పెట్టె అడుగున ఉంది. మీ నాన్నకి ఆ కట్లు మార్చి వచ్చి నువ్వు అన్నం మానేసిన రోజులు నేను చూశాను. మళ్ళీ అదే కర్మ నా వల్ల నీకెందుకు అని నోరు మూసుకున్నాను. మాత్రలు వేసుకుంటే నీకు తెలిసిపోతుందని అవి కూడా వేసుకోలేదు. ఇదీ నా తెలివి.

పామర్రు డాక్టరుగారు ఆ మాట అన్నప్పుడు నేను నీ మొహం ఒక్కటే చూడలేదు, ఆయన పెదాలు కూడా చూశాను. షుగరు అనే మాట నాకు పెదాల మీద తెలిసిపోతుంది. బయటికొచ్చి నువ్వు చుక్కలన్నావు. హమ్మయ్య, ఆ మాట దీని చెవిన పడలేదు అనుకున్నాను. సంగతి తెలిసింది గనక పెద్ద డాక్టరు దగ్గరికి నేనే వచ్చుండొచ్చు. రాలేదు. కాబట్టి ఆ అయిదు వారాలూ నీ ఒక్కదాని ఖాతాలోనే వేసుకోకు.

ఇంకొకటి ఉంది. పద్మశ్రీగారు గొట్టంతో చెవి శుభ్రం చేసి, లోపలి దూది తీసి నాలుగు రోజులైంది. మంచం మీదికొచ్చి పడుకున్నాక మొదట వినపడింది పైన ఫ్యాను. బేరింగు అరిగి గరగరలాడుతోంది. నా జన్మలో ఇంత తియ్యటి చప్పుడు వినలేదు. నీకు చెబుదామని తిరిగాను. నువ్వు నమాజు చేసుకుని చేతులు చాచి, నాకు వినపడదనే ధైర్యంతో, గొంతు విడిచి దువా చేస్తున్నావు. "యా అల్లా, నా నోరు పడిపోయినా బాగుండేది, ఆ మనిషి మొహం బాగు చెయ్యి" అన్నావు. ఒక కన్ను సగం తెరిచే ఉంటుంది గనక నిద్రలో ఉన్నానో లేదో నీకు తెలియదు. అలాగే పడుకున్నాను.

నిన్న చల్లపల్లి ఫరహత్‌తో ఫోనులో "నా వల్ల కాదు చెల్లీ, నడుం విరిగిపోయింది, ఈ నేల మీద ఇంకెన్నాళ్ళు" అన్నావు. బట్టలు సర్దింది అందుకే. ట్రాక్టర్ల కోసం కాదు. బాలశౌరి వాటిని నాకంటే బాగా చూస్తాడు, ఈ సంగతి వాడికి చెప్పకు.

సరే, సంచిలో బట్టలు తీసేశాను. పంతొమ్మిది రోజులూ ఉంటాను. ఇంజెక్షన్లు, ఇన్సులిను, వాళ్ళు చెప్పే పథ్యం, అన్నీ. స్కూటరు తాళం నువ్వే దాచుకో. తెరేసమ్మగారి చేత మంగళగిరికి ఫోను చేయించాను, రేపు ఫౌజియా వస్తుంది. నువ్వు పామర్రు బస్సెక్కి రెండు రోజులు మన మంచం మీద పడుకో. లేవమని ఎవరూ అనరు.

నీ
నాగుల్ మీరా


అదే వార్డు, చీకటి పడకముందే

ఏమండీ,

నాలుగు రోజులు! నా దువాలు, నా ఏడుపులు, చెల్లెలితో మీ గురించి అన్న మాటలు, అన్నీ చాటుగా విన్నారన్నమాట. సిగ్గు లేదూ? రెండేళ్ళు కాగితం దాచారు, వచ్చిన వినికిడి కూడా దాచారు. వెంకటప్పయ్యగారికి నేను ఈ నాలుగు రోజులూ మజ్జిగ పోసింది ఎవరి కోసం అరిచి?

రేపు వెళతాను. రెండు రోజులు కాదు, ఒక్క రోజే. బీరువాలో చీటీ, మీ పానాల పెట్టెలో కాగితం రెండూ తెచ్చి పద్మశ్రీగారి ముందు పెడతాను. మనిద్దర్నీ కలిపి ఆవిడే తిడుతుంది.

చెప్పాల్సింది ఇంకా చాలా ఉంది గానీ ఇక రాయను. నేను మీ కుడి పక్కకి వచ్చి కూర్చున్నాను. ఆ కాగితం పక్కన పెట్టి ఇటు తిరగండి. మెల్లగా చెబుతాను.

మెహబూబీ