కొంగు దగ్గరి ముడులు

గీతా, మీ నాయనా నేనూ గోరంట్ల పెండ్లికి పోతాండాం. సంగటి పొయ్యి పక్కన ఉండాది. అటక మీది సిరాబుడ్డి ముట్టుకోవద్దు. దాంతో రాసిందల్లా జరుగుతుందని తెలుసు కదా. పోగు తెగకూడదని మీ నాయన రాస్తే, నేసిన చీరను మగ్గం మీంచి కత్తెర కూడా కోయలేకపోయింది.

నువ్వు నేసిన మొదటి చీర బాగా వచ్చిందని నేనంటే, "నువ్వే ఆ సిరాతో రాసుంటావులే అమ్మా" అని నిన్న ముఖం ముడుచుకున్నావు. నేను ఒక్క అక్షరం రాయలేదు. కొంగు దగ్గర తెగిన పోగులకు నువ్వేసిన ముడులు గుర్తు చేసుకో. సిరా పనైతే అవెందుకుంటాయి?

చీర పెట్టెలో లేదని వెతకద్దు. నేనే కట్టుకొని పోతాండా. ఎవరడిగినా, అడగకపోయినా, మా పాప నేసిందని చెప్తా.