కుంటిదానికి పెట్టే చెయ్యి

జూన్ 3
కుంటిది ఇంకా బతికే ఉంది. బతకకూడదు.

రెక్క మీది బొటనవేలు విరిగింది. పాకుతూ కిందికి దిగి నెత్తురు ట్రే అందుకోలేదు. మా జూకి వేరే దేశం నుంచి తెచ్చిన ఈ గబ్బిలాలకి నెత్తురు తప్ప ఇంకేదీ పడదు. వరసగా రెండు మూడు రాత్రులు అది దొరక్కపోతే రాలిపోతాయని డాక్టరమ్మ చెప్పింది. వేలు విరిగి వారమైంది.

జూన్ 4
కబేళా నుంచి నెత్తురు డబ్బా వచ్చింది. పుల్లతో చిలికి పీచు తీశాను. లేకపోతే గడ్డ కడుతుంది. ఆవుని కొరికినప్పుడు ఈ బాధ ఉండదట. వాటి ఎంగిలి తగిలితే నెత్తురు గడ్డకట్టకుండా కారుతూనే ఉంటుందట. ఎంగిలికి ఎంత బలం.

నేల కడుగుతుంటే కనబడింది. కుంటిది వేలాడే మూల కింద రెట్ట. తారులా నల్లగా, పచ్చిగా. తినని కడుపుకి రెట్ట ఎక్కడిది?

ఎవరో పెడుతున్నారు. తాళంచెవులు రెండే. ఒకటి నా దగ్గర. రెండోది వాచ్‌మన్ దగ్గర. వాచ్‌మన్ అంటే మా వియ్యంకుడు.

జూన్ 5
వియ్యంకుడి వేలికి కట్టు.

జూన్ 6
పొద్దున్నే గేటు దగ్గర ఎదురయ్యాడు. ఏం బావగారూ, మీ చుట్టాలు ఇంకా తలకిందులుగానే ఉన్నారా అని పరాచికం. నేను నవ్వలేదు. వేలికేమైందని అడగాలనుకున్నాను, నోరు పెగల్లేదు. చేపల గాలం గుచ్చుకుందని తనే చెప్పాడు. అడక్కుండా చెప్పడమెందుకు? గుమ్మడికాయల దొంగ ఎవరంటే భుజాలు తడుముకున్నట్టు. పైగా చేపలు పంపుతానన్నాడు. పళ్లూడిన నోటికి ముళ్లెందుకు, వద్దన్నాను. నోరు మూయించడానికేమో.

ఆయనది జాలిగుండె. కుక్కపిల్ల కుంటినా ఆగి చూస్తాడు. డ్రాపర్ పట్టుకుని కుంటిదాని మూతికి అందిస్తున్నాడనుకుంటాను. ఇవి కరిస్తే పిచ్చికుక్క రోగం రావచ్చని గోడ మీద బోర్డు ఉంది. నేను ఇంజెక్షన్లు వేయించుకున్నాను. ఆయన సూది చూసి పారిపోయాడు.

మా అమ్మాయి ఆ ఇంటి కోడలు. ఏడో నెల. డాక్టరమ్మతో చెబితే మామగారి ఉద్యోగం తీయించానంటుంది. చెప్పకపోతే ఆయన ప్రాణం మీదికొస్తుంది. కక్కలేను, మింగలేను.

జూన్ 7
ఉపాయం తట్టింది. గ్లవ్స్ వేసుకుని కుంటిదాన్ని చిన్న పంజరంలో పెట్టాను. మిగతావి ఉండే పెద్ద జాలీకి ఇవతల, స్టూలు మీద. కొత్త తాళం. చెవి నా జేబులోనే. వేలు అతుక్కునేదాకా అని డాక్టరమ్మతో అన్నాను. సరే, నెత్తురు గిన్నె లోపలే పెట్టమంది. పెట్టాను.

ఇక ఎవరు పెడతారో చూస్తాను.

జూన్ 8
పైనే వేలాడుతోంది. గిన్నె ముట్టలేదు.

జూన్ 9, పొద్దున
ముడుచుకుపోయింది. ఎండిన ఆకులా ఉంది. నా అనుమానం నిజమే. ఆయన చెయ్యి అందక ఇలా అయింది. డాక్టరమ్మతో రేపు చెప్పేస్తాను.

జూన్ 9, మధ్యాహ్నం
ఈ గదికి పగలే రాత్రి. చూడటానికి వచ్చేవాళ్ల కోసం పగలు ఎర్ర బల్బు, రాత్రి పెద్ద లైట్లు. ఎర్ర వెలుతురులో నేల కడుగుతూ స్టూలు పక్కకి తోశాను. పంజరం వెళ్లి పెద్ద జాలీకి ఆనింది.

అటువైపు నుంచి ఒక ముసలిది జాలీ మీద పాక్కుంటూ వచ్చింది. కొరుకుతుందని చీపురెత్తాను. కొరకలేదు. కుంటిది కళ్లు తెరిచి, చువ్వల సందులోంచి దాని మూతి నాకింది. ముసలిది తను తాగిన నెత్తురు కక్కి దాని నోటికి అందించింది. అది నాకుతూనే ఉంది. ముసలిది పెడుతూనే ఉంది.

చీపురు ఎత్తిన చెయ్యి ఎత్తినట్టే ఉండిపోయింది.

నేను తాళం వేసి ఆపింది దీన్ని.

జూన్ 10
డాక్టరమ్మ వచ్చి పంజరం తెరిపించింది. ఎప్పుడో తమకి పెట్టినదాన్ని ఇవి మరిచిపోవట.

వియ్యంకుడి వేలు చూపించమన్నాను. ఎలాగో నోరు పెగిలింది. కట్టు విప్పాడు. గాలం గుచ్చుకున్న గాయమే. అయిదు రోజులు మథనపడి ఇదా అడిగేది బావగారూ, గబ్బిలం కరిస్తే మీ అమ్మాయి నన్ను గడప తొక్కనిస్తుందా అని పగలబడి నవ్వాడు. తలుపు చాటుకి పోయాను.

జూన్ 14
వియ్యంకుడింటి నుంచి గిన్నె వచ్చింది. చేప. ఒక్క ముల్లూ లేదు. ఎవరో కూర్చుని అన్నీ ఏరారు.

ఎవరని అడగలేదు.